మైన్‌క్రాఫ్ట్ చార్మినార్‌లోకి క్రీపర్లు రాకుండా చేయడం ఎలా? రావలసిన చోటికే రప్పించడం ఎలా?

హైదరాబాదులో బ్లాకులు పేర్చి కట్టుకునే మైన్‌క్రాఫ్ట్ ఆట ఆడేవాళ్ళకు కాస్త చేయి తిరగగానే చార్మినార్ మీదికి మనసు పోతుంది. లెక్క కూడా కలిసొస్తుంది. ఆటలో ఒక బ్లాకంటే ఒక మీటరు. అసలు కట్టడం ఒక్కో పక్క సుమారు 20 మీటర్లు, మినార్ల ఎత్తు సుమారు 56 మీటర్లు. ఏమీ కుదించకుండా ఉన్నది ఉన్నట్టు కట్టుకోవచ్చు. శాండ్‌స్టోన్ మోసుకొచ్చి, నాలుగు కమానులు తీర్చి, మినార్లకు బాల్కనీలు చుట్టి, పైన పడమటి వైపు మసీదు కూడా అమర్చి, గనిలోకి వెళ్ళి తిరిగొచ్చేసరికి తూర్పు కమాను సగం ఉండదు. కింద గొయ్యి ఉంటుంది. ఆ పని ఎవరిదో అడగనక్కరలేదు, దగ్గరికొచ్చి పేలిపోయే క్రీపర్‌దే.

"టార్చులు పెట్టాను కదా!" అన్నది అందరి నోటా వచ్చే మొదటి మాట. పెట్టే ఉంటారు. అయితే ఈ ఆటలో ప్రాణులు ఎక్కడ పుట్టాలన్నది నాలుగు విషయాలు కలిసి తేలుస్తాయి: వెలుతురు, నేల, మీరున్న దూరం, అప్పటికే లోకంలో ఉన్న ప్రాణుల సంఖ్య. వెలుతురు ఒక్కటే చూసుకుని మిగతా మూడింటినీ గాలికి వదిలేస్తే కమానులు మళ్ళీ మళ్ళీ కట్టుకోవలసిందే. రాత్రంతా కత్తి పట్టుకుని కాపలా తిరగడం దోమలకు పొగ కొట్టించడం లాంటిది; నీళ్ళు నిలిచిన గుంట సంగతి చూడనిదే ఫలితం ఉండదు.

ఇక్కడ చెప్పేదంతా కంప్యూటర్‌లో ఆడే జావా ఎడిషన్ గురించి, అందులోనూ 1.18 వెర్షన్, ఆ తర్వాత వచ్చినవాటి గురించి. ఫోనులో ఆడేవాళ్ళకు మధ్యలో విడిగా చెబుతాను. ఆటలోని ప్రాణులను మాబ్‌లు అనీ, అవి ఉన్నట్టుండి ప్రత్యక్షం కావడాన్ని స్పాన్ కావడం అనీ ఆడేవాళ్ళంతా అంటారు కాబట్టి నేనూ అవే మాటలు వాడతాను.

1. వెలుతురు అంకె చూడటం నేర్చుకోండి

కంటికి వెలుగుగా కనిపించినంత మాత్రాన సరిపోదు. ఆట అంకె చూస్తుంది. కీబోర్డు మీద ఎఫ్3 నొక్కండి. చాలా ల్యాప్‌టాప్‌లలో ఎఫ్ఎన్ మీటతో కలిపి నొక్కాలి. తెర నిండా వచ్చే వరుసల్లో 'క్లయింట్ లైట్' అని ఒకటుంటుంది. అందులో మొదట మొత్తం వెలుతురు, తర్వాత ఆకాశం నుంచి వచ్చేది, చివర బ్లాకుల నుంచి వచ్చేది ఉంటాయి. మీకు కావలసింది ఆ చివరి అంకె. టార్చి, ల్యాంటర్న్, గ్లోస్టోన్ లాంటివి ఇచ్చే వెలుతురు అది. రాత్రి పడ్డాక ఆకాశం అంకె మిమ్మల్ని కాపాడదు.

2021 నవంబరులో 1.18 వచ్చేదాకా ఈ అంకె 7 గానీ అంతకన్నా తక్కువ గానీ ఉన్న చోటల్లా జాంబీలు, స్కెలిటన్లు, క్రీపర్లు పుట్టేవి. ఇప్పుడు బ్లాకు వెలుతురు సరిగ్గా సున్నా ఉంటేనే పుడతాయి. ఈ ఒక్క మార్పుతో పని ఎంతో తేలికైంది. అయినా అప్పటి వీడియోలు చూసి ఐదారు బ్లాకులకొక టార్చి గుచ్చుతున్నవాళ్ళు ఇంకా కనిపిస్తారు. చార్మినార్ కాస్తా పెళ్ళిపందిరిలా తయారవుతుంది, అంతే.

టార్చి ఉన్న బ్లాకులో వెలుతురు 14. అక్కడి నుంచి ఒక్కో బ్లాకు దూరం జరిగేకొద్దీ ఒకటి తగ్గుతుంది. ఈ దూరాన్ని మూలగా కొలవకూడదు. ముందుకు ఎన్ని, పక్కకు ఎన్ని అని లెక్కపెట్టి రెండూ కలపాలి. అలా 13 బ్లాకుల దాకా కనీసం 1 ఉంటుంది, 14వ దగ్గర సున్నా. ల్యాంటర్న్, గ్లోస్టోన్, సీ ల్యాంటర్న్ 15 ఇస్తాయి. నీలంగా వెలిగే సోల్ టార్చి 10, రెడ్‌స్టోన్ టార్చి 7 మాత్రమే ఇస్తాయి. చూడ్డానికి బాగున్నాయని వీటిని నమ్ముకుంటే లెక్క తప్పుతుంది.

ఇప్పుడు 20 బై 20 నేలను తీసుకోండి. సరిగ్గా నడిమధ్యలో ఒక టార్చి పెట్టారనుకుందాం. మూలకు చేరాలంటే ముందుకు 10, పక్కకు 10, మొత్తం 20. 13 దాటింది కాబట్టి నాలుగు మూలలూ చీకటే. సరిగ్గా ఆ మూలల్లోనే మినార్ల అడుగు భాగాలుంటాయి. అదే నేలను నాలుగు భాగాలు చేసి, ఒక్కో 10 బై 10 ముక్క నడుమ ఒక టార్చి పెట్టండి. ఎంత మారుమూల అయినా 5, 5 కలిపి 10 బ్లాకుల దూరమే. అక్కడ కూడా 4 వెలుతురు మిగులుతుంది. మొత్తం నాలుగంటే నాలుగు టార్చులు. అంతస్తుకు నాలుగు చొప్పున పెట్టుకుంటూ పైకి వెళ్ళండి. బయట మైదానంలో అయితే రెండు టార్చుల మధ్య 12 బ్లాకులు ఖాళీ వదిలి గళ్ళుగా పెట్టుకుంటూ పోవచ్చు.

గోడ అడ్డొస్తే వెలుతురు దాన్ని చుట్టి వస్తుంది, ఆ చుట్టిన దూరమంతా లెక్కలోకి వస్తుంది. అందుకే స్తంభం వెనక, మెట్ల కింద, రెండు గోడల నడుమ సందులో ఎఫ్3 తెరిచి నిలబడి చూడాలి. గోల్కొండ కట్టేవాళ్ళు ఈ పనికి ఒక సాయంత్రం కేటాయించుకోవడం మంచిది. ఆ కోటలో ఉన్నన్ని చీకటి గదులు, వంపు దారులు చార్మినార్‌లో లేవు.

టార్చులు కనబడకూడదనుకుంటే నేలలో ఒక బ్లాకు తీసి గ్లోస్టోన్ పెట్టి, పైన కార్పెట్ పరవండి. కార్పెట్ గుండా వెలుతురు వస్తుంది. స్లాబ్ (సగం మందం ఉండే బ్లాకు) మాత్రం కప్పకండి, కింది వెలుతురు పైకి రాదు.

2. నేలను మార్చండి

నా దృష్టిలో వెలుతురు కన్నా నమ్మకమైన పద్ధతి ఇది. టార్చి పొరపాటున రాలిపోవచ్చు, నీళ్ళు తగిలి కొట్టుకుపోవచ్చు. నేల ఎక్కడికీ పోదు. మాబ్ పుట్టాలంటే కింద పైభాగం పూర్తిగా నిండిన గట్టి బ్లాకు ఉండాలి, పైన దాని ఒళ్ళు పట్టే ఖాళీ ఉండాలి. ఈ రెండింటిలో ఏది చెడగొట్టినా ఎంత చీకటైనా అక్కడ ఏమీ పుట్టదు.

కింది సగంలో కూర్చునే స్లాబ్ మీద పుట్టవు. గాజు మీద పుట్టవు. కార్పెట్ పరిచిన చోట పుట్టవు. మసీదు నేలకు కార్పెట్ ఎలాగూ కావాలి కాబట్టి అక్కడ టార్చి గొడవే లేదు. రైలు పట్టాలు, బటన్లు, ప్రెషర్ ప్లేట్లు, రెడ్‌స్టోన్ పొడి ఉన్న గడిలోనూ పుట్టవు. మామూలుగా పెట్టిన మెట్ల మీద పుట్టవు. అసలు చార్మినార్ మినారులో 149 మెట్లున్నాయి. ఆటలో వాటిని మెట్ల బ్లాకులతోనే కడితే ఆ మెలిక దారి మొత్తం దానంతటదే భద్రం. మధ్యలో మలుపు దగ్గర నిండు బ్లాకు వేసిన చోటే కొంచెం చూసుకోవాలి.

చాలామంది దెబ్బతినేది ఇక్కడే. స్లాబ్‌ను బ్లాకు పై సగంలో పెడితే దాని పైభాగం నిండుగా ఉన్నట్టే లెక్క, మాబ్‌లు హాయిగా పుడతాయి. చూరు కింద అందం కోసం తలకిందులుగా పెట్టే మెట్లదీ అదే సంగతి. చార్మినార్ లాంటి కట్టడంలో బాల్కనీలన్నీ తలకిందుల మెట్లతోనే తీరుస్తాం. కింద నుంచి చూస్తే నగిషీ పనిలా ఉంటుంది; పైన మాత్రం స్కెలిటన్లు విల్లు పట్టుకుని నిలబడటానికి చక్కటి వరండా. ఆ అంచు మీద ఇంకో పొర కింది సగం స్లాబ్ వేయండి, లేదా కార్పెట్ పరవండి. స్మూత్ శాండ్‌స్టోన్‌లోనూ గ్రానైట్‌లోనూ స్లాబులున్నాయి కాబట్టి రంగు తేడా రాదు.

కప్పును మరిచిపోకండి. లోపలంతా దీపాలు పెట్టి, పైన 20 బై 20 చదును కప్పును వదిలేస్తే రాత్రిపూట ఆకాశం కింద అదొక మైదానమే. మినార్ల మీది గుమ్మటాల కొసన ఉన్న ఒక్క నిండు బ్లాకు మీద కూడా క్రీపర్ పుట్టగలదు.

3. కట్టడం బయట కూడా కొంత దూరం చూసుకోండి

లోపల పుట్టకపోయినా బయట పుట్టి నడిచి వస్తాయి. జాంబీ దాదాపు 35 బ్లాకుల దూరం నుంచి మిమ్మల్ని పసిగడుతుంది, క్రీపర్ 16 నుంచి. కాబట్టి చుట్టూ కనీసం రెండు వరుసల టార్చులు, కుదిరితే మూడు వరుసలు వేయండి. తెల్లవారాక జాంబీలు, స్కెలిటన్లు ఎండకు కాలిపోతాయి కానీ క్రీపర్లకు ఎండ పట్టదు. పొద్దున పదింటికి కూడా లాడ్ బజార్ వైపు నుంచి నడుచుకుంటూ రావచ్చు. మీరు గాజుల దుకాణాలు కూడా కట్టి ఉంటే వాటి కప్పులూ లెక్కలోకి తీసుకోండి. ప్రహరీ కడితే సాలీళ్ళు ఎక్కేస్తాయి. గోడ పైన బయటి వైపుకు ఒక బ్లాకు ముందుకు పొడుచుకొచ్చేలా వేస్తే ఎక్కలేవు.

ఇక్కడ కొంచెం వింతగా అనిపించే సలహా ఒకటి. చార్మినార్ కింద గుహ ఉంటే, దాని నుంచి పైకి దారి మూసేసి, లోపల చీకటిగానే వదిలేయండి. ఒంటరిగా ఆడే లోకంలో ఒకసారికి ఉండగలిగే శత్రు మాబ్‌ల పరిమితి 70. ఆ సంఖ్య నిండితే కొత్తవి పుట్టవు. గుహలో తిరిగే ప్రతి జాంబీ మీ కమాను దగ్గరికి రావలసిన ఒకదాని వంతు వాడేసుకుంటుంది. గుహలన్నిటికీ ఓపిగ్గా దీపాలు పెట్టుకుంటూ పోతే ఆ వంతంతా మిగిలి పైకి వస్తుంది. పేరు పెట్టిన మాబ్‌లు ఈ లెక్కలోకి రావు, కాబట్టి నేమ్ ట్యాగ్ తగిలించిన జాంబీలను బంధించి కోటా నింపుదామనుకుంటే కుదరదు.

4. పరీక్ష దూరం నుంచి చేయాలి

దీపాలన్నీ పెట్టి, రాత్రి కాగానే మధ్యలో నిలబడి "ఏమీ రాలేదు" అని సంతోషించకండి. ఆటగాడికి 24 బ్లాకుల లోపు ఏ శత్రు మాబూ సహజంగా పుట్టదు. 20 బై 20 కట్టడం నడుమ నిలబడితే నేల మొత్తం ఆ 24 లోపే ఉంటుంది. మీరుండగా ప్రశాంతంగా ఉండి, గనికి వెళ్ళగానే పేలుడు జరగడానికి అసలు కారణం ఇదే. లోకంలో మీరు మొదట దిగిన స్పాన్ పాయింటు చుట్టూ కూడా 24 బ్లాకుల మేర ఇవి పుట్టవు. కొత్త లోకంలో కట్టడం మొదలుపెడుతుంటే ఆ జాగాను ఎంచుకోవడం తెలివైన పని.

సరైన పరీక్ష ఇలా చేయండి. కట్టడానికి 30, 40 బ్లాకుల దూరంలో ఒక స్తంభం లేపి, దాని మీద చీకటి పడేవరకు ఆగండి. ఒక రాత్రంతా చూడండి. ఎక్కడైనా నీడ కదిలితే ఆ చోటికి వెళ్ళి ఎఫ్3 తెరవండి, సున్నా కనబడుతుంది. మరీ దూరం పోతే ప్రయోజనం ఉండదు. 128 బ్లాకులు దాటిన మాబ్‌లు అప్పటికప్పుడు మాయమవుతాయి, 32 దాటినవి ఎప్పుడో ఒకప్పుడు మాయమవుతాయి.

5. టార్చికి లొంగనివి

కొన్ని మాబ్‌లకు వేరే నియమాలున్నాయి. స్లైమ్‌లు మొదటివి. లోకం 16 బై 16 చంకులుగా ఉంటుంది. వాటిలో పదింట ఒకటి స్లైమ్ చంకు. అక్కడ ఎత్తు చూపే వై అంకె 40 కన్నా తక్కువైతే ఎంత వెలుగులోనైనా స్లైమ్‌లు పుడతాయి. నేలమాళిగ తవ్వితే, దీపాలు పెట్టినా పచ్చటి జిగురు ముద్దలు గెంతుతుంటే, నేల మొత్తం స్లాబులు పరచడం తప్ప మార్గం లేదు. బురద నేలల్లో పుట్టేవి వేరు. వాటికి చంద్రుడితో సంబంధం. పున్నమికి ఎక్కువ, అమావాస్యకు అసలు ఉండవు.

రెండోది ఫాంటమ్. ఆటలో మూడు రోజులు నిద్రపోకపోతే రాత్రి ఆకాశం నుంచి దిగి కొడుతుంది. ఆటలో రోజంటే 20 నిమిషాలు, కాబట్టి గంటసేపు మంచమెక్కకుండా కడుతూ కూర్చుంటే చాలు. రంజాన్ నెలలో పాతబస్తీ సహరీ దాకా మేలుకునే ఉంటుంది కానీ ఆటలోని చార్మినార్ దగ్గర ఆ మర్యాద చెల్లదు. టార్చులు దీన్ని ఆపవు. పనిచేసే చోటికి దగ్గరలో మంచం వేసుకుని రోజూ పడుకోండి, లేదా తల మీద కప్పు ఉండేలా చూసుకోండి. పిల్లిని పెంచుకుంటే ఫాంటమ్‌లు, క్రీపర్లు రెండూ దూరంగా ఉంటాయి.

మూడోది, తవ్వకంలో దొరికే స్పానర్ పంజరం. లోపల చిన్న జాంబీయో స్కెలిటనో గిరగిర తిరుగుతుంటుంది. మీరు 16 బ్లాకుల లోపు ఉంటేనే అది పనిచేస్తుంది. సుమారు 10 నుంచి 40 సెకన్లకొకసారి నాలుగు దాకా మాబ్‌లను వదులుతుంది. పైనా నాలుగు పక్కలా టార్చులు పెడితే ఆగుతుంది. పగలగొట్టకండి. సిల్క్ టచ్ మంత్రం వేసిన పికాక్స్‌తో తవ్వినా అది చేతికి రాదు, ఒకసారి పోతే పోయినట్టే. ఎప్పటికైనా అనుభవ పాయింట్లకు పనికొస్తుంది.

ఆటలో పాతాళం లాంటి నెదర్ లోకంలో కథ ఇంకోలా ఉంటుంది. అక్కడ పిగ్లిన్లు వెలుతురు 11 దాకా పుడతాయి, గాస్ట్‌లకు వెలుతురుతో పనే లేదు. అక్కడ దారి వేస్తే స్లాబులతోనే వేయండి.

ఆవులు, గొర్రెలు, కోళ్ళ విషయం క్లుప్తంగా చెప్పేస్తాను. ఇవి చాలావరకు లోకం తయారైనప్పుడే వస్తాయి. తర్వాత పుట్టాలంటే గడ్డి బ్లాకు, 9 కి తగ్గని వెలుతురు కావాలి. పైగా వాటి పరిమితి 10 మాత్రమే. చుట్టుపక్కల అప్పటికే పది ఉంటాయి కాబట్టి ఎదురుచూడటం దండగ. రెండు ఆవులకు గోధుమలు, రెండు కోళ్ళకు విత్తనాలు పెట్టండి. మళ్ళీ ఐదు నిమిషాలకు పెట్టండి. మంద తయారవుతుంది.

6. ఫోనులో ఆడేవాళ్ళకు

ఫోనులో ఉండేది బెడ్‌రాక్ ఎడిషన్. వెలుతురు సున్నా అన్న నియమం అక్కడా ఉంది, కింది సగం స్లాబ్ అక్కడా పనిచేస్తుంది. ఎఫ్3 లేదు కాబట్టి టార్చుల దూరం లెక్కపెట్టుకుని పెట్టాలి. ఆట మీ చుట్టూ ఎన్ని చంకుల దాకా నడవాలో చెప్పే సిమ్యులేషన్ దూరం సెట్టింగు 4 దగ్గర ఉంటే మాబ్‌లు మీకు 24 నుంచి 44 బ్లాకుల మధ్యే పుడతాయి, కాబట్టి పరీక్ష కూడా ఆ దూరం నుంచే చేయాలి. కోటా లెక్క కూడా జావాలో ఉన్నట్టు ఉండదు. అందుకే మాబ్‌లను పుట్టించడానికి కింద చెప్పే ఫార్మ్ కొలతలను ఫోనులో యథాతథంగా వాడకండి.

ఏ గొడవా వద్దు, కట్టుకోవడమే కావాలనుకుంటే లోకం సెట్టింగుల్లో మాబ్‌లు పుట్టడాన్ని మొత్తంగా ఆపే మీట ఉంటుంది. బెడ్‌రాక్‌లో చీట్స్ ఆన్ చేస్తే ఆ లోకంలో అచీవ్‌మెంట్లు రావు. జావాలో ఫాంటమ్‌లను, దోపిడీ దండులను, తిరుగుడు వ్యాపారిని విడివిడిగా ఆపే గేమ్ రూల్స్ ఉన్నాయి. ఆట కష్టాన్ని పీస్‌ఫుల్ స్థాయిలో పెట్టినా సరిపోతుంది, ఆకలి కూడా వేయదు. చిన్నపిల్లలతో కలిసి ఆడుతుంటే నేనైతే అదే పెడతాను.

7. ఇప్పుడు కావలసిన చోట పుట్టించండి

ఎముకలు, బాణాలు, తుపాకిమందు కావాలంటే ఇవే నియమాలను తిప్పి వాడాలి. చీకటి గది ఒకటి కట్టడం తేలిక. అందులో మాబ్‌లు పుట్టకపోవడమే అందరికీ ఎదురయ్యే చిక్కు. కారణం పైన చెప్పిన 70. చుట్టూ 128 బ్లాకుల్లో ఉన్న గుహలన్నీ ఆ కోటాను తినేస్తుంటే మీ గదికి వంతు రాదు. గుహలన్నీ వెలిగించడం నెలల పని. దానికన్నా మీరే వాటికి 128 బ్లాకుల దూరం జరగండి, అంటే పైకి వెళ్ళండి.

సముద్రం మీద చోటు చూసుకోండి. నీటిమట్టం వై 62 దగ్గర ఉంటుంది. అక్కడి నుంచి స్తంభం లేపుకుంటూ వై 200 దగ్గర మీరు నిలబడే చిన్న వేదిక కట్టండి. కింది నీళ్ళు 138 బ్లాకుల దూరంలో ఉంటాయి. అక్కడ నీళ్ళలో పుట్టే డ్రౌండ్ అనే జాంబీలు కూడా మీ కోటాను ముట్టుకోలేవు. మాబ్‌లు పుట్టే నేలను వై 228 దగ్గర వేయండి. ఈ 28 బ్లాకుల తేడా ఊరికే ఎంచుకున్నది కాదు. 24 కన్నా ఎక్కువ కాబట్టి మాబ్‌లు పుడతాయి. నేల మూలలు కూడా మీకు 32 లోపే పడతాయి కాబట్టి అవి అటూఇటూ తిరుగుతాయి. 32 దాటితే మాబ్‌లు తిరగడం మానేసి ఉన్నచోటే నిలబడిపోతాయి, అప్పుడు డిస్పెన్సర్లతో నీళ్ళు వదిలి కొట్టుకుపోయేలా చేయవలసి వస్తుంది.

నేల ఆకారం ఇలా ఉండాలి. నడుమ 2 బై 2 రంధ్రం. దాని నుంచి నాలుగు దిక్కులకు రెండేసి బ్లాకుల వెడల్పు, ఎనిమిదేసి బ్లాకుల పొడవుతో కాలువలు. కాలువ అడుగు పుట్టే నేల కన్నా రెండు బ్లాకులు కింద ఉండాలి. కాలువ చివర గోడకు ఆనించి నీళ్ళు పోయండి. నీళ్ళు పోసిన బ్లాకుతో కలిపి సరిగ్గా ఎనిమిది బ్లాకులు పారి రంధ్రం అంచున ఆగిపోతాయి. కాలువల నడుమ మిగిలే నాలుగు 8 బై 8 ముక్కలే మాబ్‌లు పుట్టే నేల. వాటి అంచుల్లో ట్రాప్‌డోర్లు (అడ్డంగా మూసుకునే పలచటి తలుపులు) బిగించి తెరిచి ఉంచండి. మాబ్‌లు అది నడవదగిన నేలే అనుకుని అడుగు వేసి కాలువలో పడతాయి.

చుట్టూ గోడ, రెండు బ్లాకుల ఎత్తున కప్పు. లోపల ఒక్క సందు నుంచి కూడా వెలుతురు రాకూడదు. కప్పు పైన మాత్రం స్లాబులు పరచండి లేదా టార్చులు పెట్టండి, లేకపోతే రాత్రి అక్కడ పుట్టినవి కోటాను తినేస్తూ ఊరికే నిలబడి ఉంటాయి. అవసరం లేని అంతస్తులు పైన కట్టకండి. ఆట ఒక్కో నిలువు వరుసలో లోకం అడుగు నుంచి ఆ వరుసలోని అన్నిటికన్నా పై బ్లాకు దాకా ఏదో ఒక ఎత్తును చీటీ తీసినట్టు ఎంచుకుంటుంది; పైకి కట్టినకొద్దీ మీ నేలకు చీటీ తగిలే అవకాశం తగ్గుతుంది.

పడే ఎత్తు కూడా లెక్కే. మొదటి మూడు బ్లాకులకు దెబ్బ తగలదు, తర్వాత బ్లాకుకొకటి చొప్పున ప్రాణం పోతుంది. జాంబీ, స్కెలిటన్, క్రీపర్‌లకు 20, సాలీడుకు 16, మంత్రగత్తెకు 26. కాలువ నుంచి 30 బ్లాకులు కిందికి, అంటే వై 196 దగ్గరికి పడేలా చేసి, అక్కడ పడిన వస్తువులను లాక్కునే హాపర్లు పెట్టి పెట్టెలోకి కలపండి. దెబ్బ 27 కాబట్టి మంత్రగత్తె కూడా మిగలదు. అనుభవ పాయింట్లు కావాలంటే అవి మీ చేతిలోనే చావాలి. 22 బ్లాకుల దగ్గర ఆపితే జాంబీ, స్కెలిటన్, క్రీపర్‌లు 19 దెబ్బ తిని ఒక్క ప్రాణంతో మిగులుతాయి, ఒట్టి చేతితో కొట్టినా సరిపోతుంది. అప్పుడు మీరు నిలబడే వేదికను కూడా ఆ ఎత్తుకు తగ్గట్టు జరుపుకోవాలి, 24 దూరం చెడిపోకుండా.

8. క్రీపర్లు మాత్రమే కావాలంటే

ఇది నాకు అన్నిటికన్నా ఇష్టమైన భాగం. ఎలిట్రా రెక్కలతో ఎగరాలన్నా, దీపావళికి ఆటలోని హుస్సేన్ సాగర్ మీద తారాజువ్వలు వేయాలన్నా తుపాకిమందు కావాలి, అది క్రీపర్ దగ్గర దొరుకుతుంది. మామూలు చీకటి గదిలో జాంబీ, స్కెలిటన్, సాలీడు, క్రీపర్ దాదాపు సమానంగా వస్తాయి. మిగతా మూడింటినీ ఆపాలి.

క్రీపర్ ఎత్తు 1.7 బ్లాకులు. జాంబీ 1.95, స్కెలిటన్ 1.99. గది ఎత్తు రెండు బ్లాకులు కదా. కప్పుకు ఆనుకునేలా ట్రాప్‌డోర్లు మూసి బిగించండి. ట్రాప్‌డోర్ మందం బ్లాకులో 16 వంతులకు 3 వంతులు. మిగిలే ఎత్తు 1.81. క్రీపర్ పడుతుంది, జాంబీ, స్కెలిటన్, మంత్రగత్తె పట్టవు. కప్పు మొత్తానికి పెట్టాలి. ఒక్క గడి ఖాళీ వదిలినా అక్కడ జాంబీ పుడుతుంది.

సాలీడు పొట్టిది, ఈ ఉపాయానికి లొంగదు. అయితే దాని వెడల్పు 1.4 బ్లాకులు, కాళ్ళు పక్క గడుల్లోకి చాస్తుంది. నేలను 3 బై 3 గళ్ళుగా అనుకుని, ఒక్కో గడి నడిమి బ్లాకు మీద ఒక కార్పెట్ ముక్క వేయండి. ఎక్కడ పుట్టబోయినా పక్కన కార్పెట్ తగులుతుంది, పుట్టలేదు. క్రీపర్ సన్నగా ఉంటుంది కాబట్టి మిగతా ఎనిమిది గడుల్లో దానికి అడ్డు లేదు. 8 బై 8 ముక్కలో గళ్ళు సరిగ్గా సరిపోవు. గోడ పక్కన మిగిలే వరుసకు అనుమానముంటే ఇంకో రెండు ముక్కలు వేయండి, నష్టం లేదు.

క్రీపర్లు కాలువలోకి దిగకుండా నిలబడిపోతుంటే గోడ వారగా, కాలువకు ఎదురు మూలలో ఒక పిల్లిని కూర్చోబెట్టండి. క్రీపర్లు పిల్లికి ఆరు బ్లాకుల దూరం పాటిస్తాయి, పారిపోతూ కాలువలో పడతాయి. పిల్లిని కూర్చోబెట్టాక దాని చుట్టూ గాజు పెట్టండి, లేకపోతే అదీ కాలువలోకి కొట్టుకుపోతుంది.